మూడు నోళ్ళు చాలని పెద్దమనిషి

ఉవా తీరం, ఎహిమె
1979 మార్చి

చెల్లీ సుమియెకు, ప్రభువు నామంలో నీ అన్న ఇవాకిచి వందనాలు.

ఇక్కడ గాలి మెత్తబడింది. వలలు నిండుగా వస్తున్నాయి. వలలు నిండితే ఊళ్ళో ఎవడికీ గడ్డం గుర్తుండదు కాబట్టి సెలూన్ ఖాళీగా ఉంది. అందుకే ఈ ఉత్తరం కొంచెం పొడుగు, ఓర్చుకో.

నిన్ను దర్శకురాలిని చేశారన్న కబురు చదివి, సంతోషించాలో ఉపవాసం ఉండాలో తెలియక ఆ పూట రెండూ చేశాను. మీ వదిన కినుయో శుభవార్త అంటూ ఎర్ర చిక్కుడుగింజల అన్నం వండింది. అది ముందు పెట్టుకుని, కళ్ళు మూసుకుని, నీ ఆత్మ గురించి చాలాసేపు ప్రార్థించాను. కళ్ళు తెరిచేసరికి సగం గిన్నె ఖాళీ. “ఆమేన్ దాకా ఆగలేకపోయావా?” అన్నాను. “మీ ఆమేన్ ఏ పూటకొస్తుందో ఎవరికి తెలుసు?” అంది.

ఒక సంగతి నాకు అర్థం కావడం లేదు. బడి అయిపోగానే, బొమ్మలకి రంగులు వేస్తానని టోక్యో రైలెక్కావు. వేశావు. తర్వాత ఒక బొమ్మకీ ఇంకో బొమ్మకీ మధ్య వచ్చే బొమ్మలు గీస్తున్నానని రాశావు. ఆ తర్వాత అసలు బొమ్మలే గీస్తున్నానన్నావు. సరే, పైకి వెళ్తోంది అనుకున్నాను. ఇప్పుడేమో దర్శకురాలివి కనుక ఏమీ గీయవట! ఇదేం ఎదుగుదల తల్లీ? నేను క్షురకుడిగా ఎదిగి ఎదిగి, కత్తెర ముట్టుకోకుండా నా కుర్చీలో నేనే కూర్చుంటే ఎవడైనా తల వంచుతాడా?

ఇక వాక్యం సంగతి. రూపం చేయవద్దని పర్వతం మీద ఉరుములతో చెప్పించినవాడు ఆయన. కదలని బొమ్మకే అంత కోపం వచ్చినవాడు, నువ్వు చేసే కదిలే బొమ్మని చూసి ఏమంటాడు? ఆలోచించుకో.

నిన్న చేపల సహకార సంఘం అధ్యక్షుడు ఒకిహారా గారు గడ్డానికి వచ్చారు. “మీ చెల్లెలి సినిమా టీవీలో వస్తుందటగా. మీ ఇంట్లో టీవీ లేదు, ఎట్లా చూస్తావోయ్?” అన్నారు. నా కత్తి ఆయన గొంతు మీద ఉంది కాబట్టి అంతకు మించి నవ్వలేదు.

చేప వడలు పంపుతున్నాను. నీ తోటి పాపులకి కూడా పెట్టు.

నీ అన్న
ఇవాకిచి


నెరిమా, టోక్యో
ఏప్రిల్

అన్నయ్యా,

చేప వడలు వచ్చాయి. తోటి పాపులు ఒక్క పూటలో ఊదేశారు. నూనె మరకలు పడ్డ బొమ్మలు మళ్ళీ గీయాల్సి వచ్చింది. ఆ పాపం నీదే.

దర్శకురాలు ఏం చేస్తుందని కదా అడిగావు. పొద్దున్నుంచి సాయంత్రం దాకా అందరి బల్లల దగ్గరికీ వెళ్ళి “ఇలా కాదు” అంటుంది. నీకు బాగా తెలిసిన పనే. నువ్వు ఆదివారాలు ప్రసంగంలో చేసేది నేను రోజూ చేస్తున్నాను, అంతే తేడా.

నవ్వులాటకి అన్నాను కానీ భయంగా ఉంది. మా పెద్ద దర్శకుడు నడుం పట్టేసి మంచం ఎక్కాడు కాబట్టి ఈ కుర్చీ నా దాకా వచ్చింది. లేకపోతే వచ్చేది కాదు. నిర్మాత కురామోచి గారు తలుపు మూసి మరీ చెప్పారు: “సుమియె గారూ, ఆగస్టు ఆఖరి ఆదివారం ప్రసారం. మీరు అందుకోలేకపోతే టీవీ వాళ్ళు ఆ గంటలో బేస్‌బాల్ వేసుకుంటారు, మీరు మళ్ళీ రంగుల గదికి వెళ్ళిపోతారు. ఆ తర్వాత ఇంకో ఆడమనిషికి ఇమ్మని అడగడానికి నాకు మొహం ఉండదు.” కోపంగా కూడా చెప్పలేదన్నయ్యా. వాతావరణం చెప్పినట్టు చెప్పారు.

అందుకే నీ సాయం కావాలి. ఈ కథ మన తీరంలోనే జరుగుతుంది. అందులో ఒక పెద్దమనిషి ఉన్నాడు. గడప దాటడు. గుమ్మంలో కూర్చుని వచ్చేపోయేవాళ్ళందరికీ బుద్ధులు చెబుతుంటాడు. ఆ పాత్రకి గొంతు ఇచ్చేది సెగవా గారని పెద్ద నాటక నటుడు. గొప్పవాడే, కానీ మన యాస పలకమంటే రాజదర్బారులో ఫర్మానా చదివినట్టుంది. నువ్వు చదివి టేపు పంపితే ఆయన విని నేర్చుకుంటాడు. కాగితం ఇందులో పెట్టాను. ఖాళీ క్యాసెట్ విడిగా వస్తోంది. రికార్డర్ ఒకిహారా గారి కోడలి దగ్గర ఉంటుంది.

కాగితంలో ఉన్నది ఉన్నట్టు చదువు. ప్రసంగం వద్దు. నీ కాళ్ళు పట్టుకుంటాను, ప్రసంగం వద్దు.

నీ
సుమియె


ఉవా తీరం
మే

చెల్లీ సుమియెకు సమాధానం కలుగును గాక.

నారింజ తోటలన్నీ పూశాయి. వాసనకి తల తిరుగుతోంది, ప్రార్థనలో కూడా.

టేపు పంపుతున్నాను. చెప్పినట్టే చేశాను, రెండు చిన్న మార్పులు తప్ప.

మొదటిది. మీ రచయిత ఎవరోగానీ ఉప్పులేని మనిషి. “మిత్రులారా, ఈ ప్రదేశము క్షేమకరము కాదు, దయచేసి వెలుపలికి రండి” అని రాశాడు. ఎవడైనా వస్తాడా అట్లా పిలిస్తే? సొదొమ పట్టణం మీద అగ్ని కురిసేముందు లోతు ఇంట్లోవాళ్ళని దేవదూతలు దయచేసి అని బతిమాలారా? చెయ్యి పట్టుకుని ఈడ్చారు! అందుకని సరిచేశాను: “ఒరేయ్ మొద్దుల్లారా! కొంప అంటుకుంటుంటే చాప చుట్టుకుంటారేంట్రా? లేవండి! బయటికి రండి!” ఇట్లా ఉండాలి. కాగితమంతా ఇదే పద్ధతిలో దిద్దాను. వాడికి నా తరఫున చెప్పు, ఊరికే చేశానని.

రెండోది. కాగితం అయిపోయినా టేపు ఇంకా బోలెడు మిగిలింది. ఖాళీ టేపు తిప్పి పంపడం విత్తనం చేతిలో పెట్టుకుని పొలం బీడు పెట్టడం లాంటిది. కాబట్టి మిగిలినదంతా వాక్యం చెప్పాను. రెండో వైపు కూడా.

రికార్డు చేసింది సెలూన్లోనే. ఒకిహారా గారు నురగ మొహంతో కుర్చీలో ఉన్నారు. మధ్యలో ఒకచోట “ఇవాకిచీ, ఆ కత్తి నా చెవి దగ్గర ఊపకు నాయనా, నేను బయటికే వస్తాను, నమ్ము!” అని వినబడుతుంది. అది తీసేయమను. చివర్లో మీ వదిన పళ్ళెం కింద పడేసిన చప్పుడు ఉంటుంది. అది ఉంచినా ఫర్వాలేదు, తీర్పుదినం గురించి చెబుతున్న చోటే సరిగ్గా పడింది.

ఆ పెద్దమనిషి ఎవరు? ఏం పని చేస్తాడు? నా గొంతు విని నేర్చుకునేవాడు ఎవరిని ఆడుతున్నాడో నాకు తెలియాలి.

ఇవాకిచి


నెరిమా, టోక్యో
మే చివర

అన్నయ్యా! అన్నయ్యా! అన్నయ్యా!

ఎక్కడ మొదలుపెట్టను? టేపు రాగానే మా పెద్ద గదిలో పెట్టాం. గీసేవాళ్ళు, రంగుల గది ఆడపిల్లలు, అందరూ ఉన్నారు. “ఒరేయ్ మొద్దుల్లారా” దగ్గర పెన్సిళ్ళు ఆగాయి. “చాప చుట్టుకుంటారేంట్రా” దగ్గర ఒకమ్మాయి కుంచె నీలం రంగు డబ్బాలో మునిగిపోయింది. ఒకిహారా గారి చెవి దగ్గరికి వచ్చేసరికి మా బెప్పు గారు, ఇరవై ఏళ్ళుగా ఎవరూ నవ్వగా చూడని మనిషి, మా అందరికంటే ముందు నుంచి బొమ్మలు గీస్తున్న మనిషి, బల్ల కింద కూర్చుని ఏడుస్తున్నారు. నవ్వి నవ్వి!

సెగవా గారు కూడా విన్నారు. మర్యాదగా టోపీ పెట్టుకున్నారు. “అమ్మా, దీన్ని నేర్చుకోవడం కుదరదు. పుట్టాలి. ఆయన్నే పెట్టుకోండి” అని నాకు వంగి నమస్కారం పెట్టి వెళ్ళిపోయారు. కోపంతో కాదు. వెళ్తూ మెట్ల మీద “బయటికి రండి, బయటికి రండి” అని అనుకుంటూ వెళ్ళారట.

ఇప్పుడు చిక్కు ఇదీ. మన దేశంలో బొమ్మలు ముందు, గొంతు తర్వాత. గీసిన నోరు చూసి నటుడు దానికి తగ్గట్టు మాట్లాడాలి. ఆ నోళ్ళు కూడా ఏ పాత్రకైనా మూడే: మూసినది, సగం తెరిచినది, పూర్తిగా తెరిచినది. నాయకుడు ప్రేమించినా, ప్రతినాయకుడు చచ్చినా అవే మూడు తిప్పితిప్పి వాడుకుంటాం. నీ గొంతు ఆ మూడింటిలో పట్టడం లేదు! నువ్వు ఊపిరి పీల్చాల్సిన చోట అరుస్తావు, అరవాల్సిన చోట చప్పరిస్తావు, మాట మధ్యలో సబ్బు నురగ ఊదేస్తావు. బొమ్మ నోరు మూసేసినా నువ్వింకా మాట్లాడుతూనే ఉంటావు.

నేను చెప్పేశాను: “ఆ పాత్ర బొమ్మలన్నీ పక్కన పడేద్దాం. ఈ గొంతు విని మళ్ళీ గీద్దాం.”

కురామోచి గారు లేచి నిలబడ్డారు. “అయిపోయిన బొమ్మలు పడేస్తారా? గొంతు కోసం బొమ్మలు మారుస్తారా? ఎవరైనా చెప్పు కోసం కాలు కోసుకుంటారా?”

“కాలే బాగాలేదండీ, చెప్పు బాగుంది” అన్నాను.

“ఆగస్టు ఆఖరి ఆదివారం,” అన్నారాయన.

బల్ల కింద నుంచి బెప్పు గారి గొంతు: “నోళ్ళు గీసేది నేనేగా. ఈయనకి మూడు చాలవు. ఎన్ని కావాలో అన్నీ గీస్తాను. ముందు ఆ చెవి ముక్క మళ్ళీ పెట్టండి.”

అనుమతి ఇవ్వు అన్నయ్యా, నీ గొంతే వాడతాం. ఆ పెద్దమనిషి గురించి అడిగావు. సముద్రాన్నే నమ్ముకున్నవాడు. ఒంటరి. సొంత ఇల్లు, చిన్నదే. తల మీద జుట్టు లేదు, నీలాగే. చాలా చేతులున్నవాడు. వెన్నెముక సంగతి మాత్రం చెప్పలేను.

నీ
సుమియె


ఉవా తీరం
జూన్

చెల్లీ,

వానలు మొదలయ్యాయి. నా హృదయంలో మాత్రం ఎండ.

అనుమతిస్తున్నాను. షరతులు: ఆయన తాగకూడదు. పొగ తాగకూడదు. అబద్ధం ఆడకూడదు. ఏ విగ్రహం ముందూ వంగకూడదు. సముద్రాన్ని నమ్ముకున్న ఒంటరి ముసలివాడు, అందరినీ నాశనం నుంచి బయటికి పిలుస్తాడు, చాలామంది అతని చేతుల కింద పనిచేస్తారు అంటే నాకు వెంటనే తెలిసిపోయింది. వలలు వదిలి వచ్చిన పేతురులాంటి మనిషి! జుట్టు లేకపోవడం కూడా తగినదే. ప్రవక్త బట్టతలని వెక్కిరించిన కుర్రకారు మీదికి ఎలుగుబంట్లు రాలేదా? దేవుడు బట్టతలల పక్షం.

ఆదివారం సంఘంలో ప్రకటించాను. నీకు తెలుసుగా, మంచు ఫ్యాక్టరీ మేడమీద మా కూడిక. కింద మంచు, పైన నేను. “టోక్యోలో నా గొంతు ఒక అపొస్తలుడిలాంటి వాడికి పెడుతున్నారు” అన్నాను. అందరూ చప్పట్లు కొట్టారు. వృద్ధురాలు షిజుకు గారైతే కళ్ళొత్తుకున్నారు. ఊరంతా చెప్పేశాను. పడవల వాళ్ళకి, తపాలా అతనికి, ఎదుటి ఒడ్డున ఉన్న బౌద్ధ గుడి పూజారికి కూడా చెప్పాను. ఆయన తల గీసేది నేనే. “అయితే మనిద్దరిలాగే ఉంటాడన్నమాట” అని తల తడుముకున్నాడు పాపం.

ధైర్యంగా గీయండి. గిద్యోను సైన్యం కూడా కొద్దిమందే.

ఇవాకిచి

(అంచున వేరే చేతిరాత)
సుమియె, మీ అన్నయ్య కవరు అంటించకముందు రాస్తున్నాను. వెన్నెముక సంగతి చెప్పలేనన్నావు. ఆ పెద్దమనిషికి చేతులు ఎన్ని? ఎనిమిదా? నేనేమీ చెప్పను. మూడురోజులుగా వంటింట్లో ఒక్కదాన్నే నవ్వుకుంటున్నాను, అందుకు రాశాను. — వదిన


నెరిమా, టోక్యో
జూలై

అన్నయ్యా,

కూర్చుని చదువు. చేతిలో కత్తి ఉంటే కింద పెట్టు.

ఆ పెద్దమనిషి ఆక్టోపస్.

పేతురు కాదు. ఒకిహారా గారి పడవల వాళ్ళు ఆక్టోపస్‌లని పట్టడానికి తాడు కట్టి సముద్రంలో దించే మట్టికుండ ఉంది చూడు, అందులో కాపురం. అది సొంత ఇల్లనుకుంటాడు. కుండ మూతి దగ్గర కూర్చుని దారిన పోయే ప్రతి చేపకీ “నువ్వుండేది ఇల్లు కాదురా, బయటికి రా” అని ప్రసంగిస్తాడు. నువ్వు “కొంప అంటుకుంటుంటే” అన్నావు కదా, “సముద్రం అడుగున కొంప అంటుకోవడం ఏమిటండీ” అని కురామోచి గారు నెత్తి పట్టుకున్నారు. నేను ఉంచేశాను. ఆక్టోపస్ అంత నమ్మకంగా చెబుతుంటే చేపలన్నీ తోకలు తడుముకుని చూసుకుంటాయి, కాలుతోందేమోనని.

ఇంకో మాట. అతని మొహం నీదే. నీ టేపు వచ్చాక కాదు, మొదటినుంచీ. ఎన్నేళ్ళుగానో, పని తోచనప్పుడల్లా కాగితం మూలన గుండ్రటి గుండు, దాని కింద అరిచే నోరు గీస్తూ ఉండేదాన్ని. ఎనిమిది చేతులు తర్వాత వచ్చాయి. ఒకే ఉపమానానికి నువ్వు ఊపే చేతుల్ని రెండుగా ఎవరూ లెక్కపెట్టలేరు.

కోప్పడు. కానీ తిట్టేముందు ఇది చదువు.

బెప్పు గారు నీ నోళ్ళు గీస్తున్నారు. మాకు బల్ల మీద చిన్న అద్దం ఉంటుంది, తన నోరు తానే చూసుకుంటూ గీయడానికి. ఇప్పుడు మా గదిలోకి వస్తే అందరూ అద్దాల్లోకి చూస్తూ “మొద్దుల్లారా!” అని అరుస్తున్నారు. గ్యాస్ సిలిండర్ తెచ్చినతను గుమ్మం దగ్గరే పెట్టేసి పారిపోయాడు. పని పరుగెడుతోంది. ఆఖరి ఘట్టం దగ్గర ఆగిపోయింది.

ఆఖరికి ఏమవుతుందంటే, ఆక్టోపస్ కుండకి కట్టిన తాడు బిగుస్తుంది. పైన పడవవాళ్ళు లాగుతున్నారు. అందరినీ బయటికి పిలిచినవాడు తాను మాత్రం ఇంట్లోనే కూర్చున్నాడు. చిన్న బొమ్మిడాయి పిల్ల ఒకతి కుండ వెంట పైకి ఈదుతూ “తాతా, నువ్వు కూడా రా!” అంటుంది. అతను రావాలి. వస్తూ ఒక్క మాట అనాలి: “వస్తున్నా.” మెత్తగా. అంతే.

నీ టేపు రెండు వైపులా ఎన్నిసార్లు విన్నామో! అందులో మెత్తటి మాట ఒక్కటి లేదన్నయ్యా. దొరికిన ఒకే ఒక్క నెమ్మది శబ్దం నువ్వు ఊపిరి పీల్చుకున్నది, అది కూడా అరవడానికే. వేరే గొంతు అతికిస్తే అప్పటిదాకా నవ్విన పిల్లలు పట్టేస్తారు. ఈ మాట లేకపోతే ముగింపు లేదు. ముగింపు లేకపోతే బేస్‌బాల్. కురామోచి గారు నాకు ఈ నెలాఖరు దాకా గడువిచ్చారు.

నీకు ఆక్టోపస్‌గా ఉండటం ఇష్టం లేకపోతే ఇప్పుడే చెప్పు. నీ గొంతు మొత్తం తీసేస్తాను. సినిమా పోతుంది, నేను రంగుల గదికి వెళ్తాను. అడగకుండా మాత్రం వాడను.

సుమియె


ఉవా తీరం
జూలై

సుమియె!

ఆక్టోపస్సా!

ఊరంతా అపొస్తలుడని చెప్పానే! చిన్నప్పటినుంచీ ఈ గుండుని ఆక్టోపస్ అని పిలవని పోకిరీ ఈ తీరంలో ఒక్కడు లేడు. వాళ్ళందరి తలలు ఎంత కష్టపడి నా కుర్చీలో వంచాను! నువ్వు టోక్యో నుంచి, దేశం మొత్తానికి, రంగుల్లో!

ఉత్తరం పట్టుకుని సముద్రం ఒడ్డుకి వెళ్ళాను. వెళ్ళేటప్పుడు దావీదులాగా వెళ్ళాను, రాయి ఎవరి మీద వేయాలా అని. అక్కడ పడవవాళ్ళు కుండలు ఎండబెడుతున్నారు. ఒక కుండలోంచి ఆక్టోపస్ ఒకడు చెయ్యి బయటపెట్టి ఇటూ అటూ తడుముతున్నాడు. చాలాసేపు చూశాను. వాడి పద్ధతి నాకు కొత్తగా అనిపించలేదు.

తిరిగొచ్చి వాక్యం తెరిచాను. ప్రవక్త బిలాముకి దారి కనబడనప్పుడు దేవుడు ఎవరి నోరు తెరిచాడు? గాడిద నోరు. గాడిదకి ఇచ్చిన గౌరవం ఆక్టోపస్‌కి ఇవ్వడని నేనెట్లా అనగలను? గాడిద బట్టతలది కూడా కాదు. కాబట్టి ఉంచు. నీ కుర్చీ పోకూడదు. ఆదివారం సంఘానికి చెప్పేశాను. “అపొస్తలుడు కాడు, ఆక్టోపస్” అన్నాను. కింద మంచు పగిలేంత నవ్వారు. షిజుకు గారు మళ్ళీ కళ్ళొత్తుకున్నారు, ఈసారి వేరే కారణానికి.

కానీ తల్లీ, ఆ ఒక్క మాట నావల్ల కావడం లేదు. టేపులో విను. రోజంతా ప్రయత్నించాను. సెలూన్ నిండా దర్శకులే!

“వస్తున్నా!” అన్నాను.

“బెదిరిస్తున్నట్టుంది,” అన్నారు ఒకిహారా గారు.

“వస్తున్నా!”

“ఇప్పుడు అప్పు వసూలుకి వస్తున్నట్టుంది,” అన్నాడు తపాలా అతను.

గుసగుసగా అన్నాను. బౌద్ధ పూజారి కళ్ళు మూసుకుని విని, “దొంగ కిటికీలోంచి వస్తున్నట్టుంది” అన్నాడు. వాడికి తల సగం గీసి వదిలేద్దామనుకున్నాను.

అన్నీ పంపుతున్నాను. ఏదైనా పనికొస్తుందేమో చూడు. రాకపోతే నన్ను క్షమించు. యెరికో గోడలు అరిచి కూల్చమంటే కూలుస్తాను. తలుపు నెమ్మదిగా తీయమంటే నాకు చేతకాదు.

ఇవాకిచి

(క్యాసెట్ డబ్బాలో మడిచి పెట్టిన చిన్న కాగితం)
సుమియె, మొదటి వైపు వినకు, చెవులు పోతాయి. రెండో వైపు విను. మధ్యాహ్నం నేను వంటింట్లోంచి భోజనానికి పిలిచినప్పుడు మీ అన్నయ్య సెలూన్లోంచి పలికేది. రికార్డర్ బియ్యం డబ్బా వెనక పెట్టాను. ఆయనకి తెలియదు. పెళ్ళయినప్పటినుంచీ రోజూ ఇట్లాగే పలుకుతారు, తన గొంతు తానెప్పుడూ వినలేదు. — వదిన


నెరిమా, టోక్యో
ఆగస్టు

అన్నయ్యా, (వదినా, నువ్వు కూడా)

అయిపోయింది! నిన్న మధ్యాహ్నం రీళ్ళు టీవీ వాళ్ళకి అప్పజెప్పాం. తీసుకెళ్ళిన మోటారు సైకిల్ సందు మలుపు తిరిగేదాకా అందరం వీధిలో నిలబడి చేతులు ఊపాం. బెప్పు గారు అక్కడే అరుగు మీద కూర్చుని నిద్రపోయారు. పుచ్చకాయ ముక్క చేతిలోనే ఉంది.

ఆఖరి మాట దొరికింది. అది ఏమిటో నేను చెప్పను. టీవీలో విను. నేను రాయించిన మాటకంటే చాలా పొడుగుంది, దానికోసం కుండ, తాడు, బొమ్మిడాయి అన్నీ మళ్ళీ గీశాం. ఈసారి కురామోచి గారు కాలు, చెప్పు అని ఏమీ అనలేదు. విన్నారు. ఇంకోసారి పెట్టమన్నారు. తర్వాత బయటికి వెళ్ళి ఇంటికి ఫోన్ చేసుకున్నారు. లోపలికొచ్చి, “గీయండి” అన్నారు. నా సంగతి మాత్రం ఏమీ తేల్చలేదు. ప్రసారం తర్వాత చూద్దామన్నారు. జనం ఛానెల్ తిప్పేస్తే ఎంత కష్టపడినా ఒకటే, నాకు రంగుల గదే.

ఒక్కటే భయం. ఆదివారం సాయంత్రం, సరిగ్గా నీ కూడిక వేళ. ఏం చేస్తావో నీ ఇష్టం. రమ్మని బలవంతం చేసే మనిషి మన ఇంట్లో నువ్వొక్కడివి చాలు.

సుమియె


ఉవా తీరం
ఆగస్టు ఆఖరు, సోమవారం, సెలూన్ సెలవు

చెల్లీ సుమియెకు,

నీ టెలిగ్రామ్ ఇప్పుడే వచ్చింది. తపాలా అతను సంతకం అడగడం మరిచిపోయి వీధిలోంచే చదివి అరిచాడు: “ఇంకో సినిమా ఇచ్చారు! అదీ ఆమెకే!” స్తోత్రం! స్తోత్రం! టీవీ వాళ్ళ ఫోన్లు మోగుతూనే ఉన్నాయని, పిల్లలు ఆ గుండు తాత ఇప్పుడు ఎక్కడుంటున్నాడని అడుగుతున్నారని చదివి, మీ వదిన వీధి గుమ్మంలో ఉన్న నా వైపు చెయ్యి చూపించి “ఇదిగో, ఇక్కడే, అద్దె కూడా కట్టడు” అంది.

నిన్న ఏం జరిగిందో చెబుతాను.

కూడిక మానలేదు. సెలూన్‌కి మార్చాను. విశ్రాంతి దినం మనిషి కోసం అని వాక్యంలోనే ఉంది. ఒకిహారా గారు సహకార సంఘం ఆఫీసు టీవీని చేపల బండి మీద పెట్టించుకుని తెచ్చారు, మంచుగడ్డల మధ్య, అది కూడా పాడైపోయే సరుకైనట్టు. అద్దాల ముందు పెట్టాం. ముందు అద్దంలో, వెనక అద్దంలో, ఎటు చూసినా టీవీలే. పడవల వాళ్ళు, షిజుకు గారు, బౌద్ధ పూజారి, పిల్లా జెల్లా, కుర్చీ చేతుల మీద కూడా జనం.

ముందు ప్రార్థన చేశాను. చిన్నదే. ఎవరో “మొదలైంది, మొదలైంది” అన్నారు, ఆమేన్ మింగేశాను.

సుమియె, అతను కుండలోంచి తల బయట పెట్టగానే నవ్విన నవ్వుకి కత్తెరలు గోడమీంచి రాలాయి. నేను నవ్వలేదు. దవడ బిగించి కూర్చున్నాను. తర్వాత అతను ఎనిమిది చేతులూ ఎత్తి “కొంప అంటుకుంటుంటే” అన్నాడు. చేపలన్నీ తోకలు తడుముకున్నాయి. అప్పుడు నేనేం చేశానో మీ వదిన రాయొద్దంది. కుర్చీలోంచి కింద పడ్డానని మాత్రం రాస్తాను.

ఆఖరికి తాడు బిగిసింది. కుండ పైకి పోతోంది. పొట్టి బొమ్మిడాయి “తాతా, నువ్వు కూడా రా!” అంది. ఒకిహారా గారు, జీవితమంతా ఆ తాళ్ళు లాగించిన మనిషి, “వదలండ్రా, తాడు వదలండ్రా” అని గొణుగుతున్నారు.

అతను కుండలోంచి ఒక్కో చెయ్యీ తీస్తూ అన్నాడు: “వస్తున్నా, వస్తున్నా. నన్ను వదిలేసి మొదలుపెట్టకే.”

ఎవరిదా గొంతు అనుకున్నాను. నిజంగా తెలియలేదు చెల్లీ. ఎవరో మంచి మనిషి అనుకున్నాను. చుట్టూ చూశాను. అందరూ టీవీని వదిలేసి నన్నే చూస్తున్నారు.

వంటింట్లో పుచ్చకాయ కోస్తున్న మీ వదినకి ఇదేమీ తెలియదు. ఆ గొంతు వినగానే, రోజూ అనేమాటే అలవాటుగా అక్కణ్ణించి కేకేసింది: “చేతులు కడుక్కుని రండి!”

ఎనిమిది చేతులూ!

ఇక చెప్పలేను. పూజారి నేలమీద దొర్లాడు. షిజుకు గారిని ఇద్దరు పట్టుకోవాల్సి వచ్చింది. మీ వదిన చాకు పట్టుకుని గుమ్మంలోకి వచ్చి “ఏమైంది? ఎందుకు నవ్వుతున్నారు?” అంటుంటే నేను ఆమెనే చూస్తూ ఉండిపోయాను. ఏం చెప్పాలో తోచలేదు. నాకు! తోచలేదు!

ఆ గోలలో తెర మీద అక్షరాలు పైకి పాకడం మొదలైంది. నేను లేచి నిలబడి, నాకు తెలిసిన ఆ ఒక్క గొంతుతోనే అరిచాను: “నోళ్ళు మూయండి! నా చెల్లెలి పేరు వస్తోంది!”

అందరూ లేచారు. కుర్చీ చేతుల మీది పిల్లలు కూడా దిగి నిలబడ్డారు. ఒకిహారా గారు ఉన్న మూడు వెంట్రుకలూ దువ్వుకున్నారు. “దర్శకత్వం: నిషియో సుమియె” అని వచ్చింది. ముందు అద్దంలో, వెనక అద్దంలో, ఎటు చూసినా నీ పేరే.

తర్వాత అది పోయి సబ్బు ప్రకటన వచ్చింది. ఒక అమ్మాయి బుడగలు ఊదింది.

ఒక్కరూ కూర్చోలేదు.

నీ అన్న
ఇవాకిచి